ఆయన పేరు

మార్చి 4

ఆయన్ని ఆసుపత్రి నుంచి ఇంటికి తీసుకొచ్చాం. చక్రాల కుర్చీ లిఫ్టులో పట్టలేదు. అల్లుడు ఓంకార్ ఒక పక్క, వాచ్‌మన్ ఒక పక్క పట్టుకుని నిలబెట్టి పైకి తెచ్చారు. ఎవరి చెయ్యి ఆసరాగా తీసుకోవడం ఆయనకు సుతరామూ ఇష్టం ఉండదు. ఈరోజు ఏమీ అనలేదు. అనడానికి మాట లేదు, పక్షవాతం దాన్ని కూడా తీసుకుపోయింది.

మా అమ్మాయి గార్గి చీకటి పడేదాకా ఉండి వెళ్లింది. తలుపు వేసి వెనక్కి తిరిగితే ఇల్లు ఖాళీగా అనిపించింది. ఆయన ఉన్నారు, బాల్కనీ పక్కన తన కుర్చీలోనే ఉన్నారు. చూపు నా మీదుగా వెళ్లి గోడ మీద ఆగుతోంది. నేను అడ్డం వచ్చినా అంతే, నాలోంచి గోడ కనబడుతున్నట్టు చూస్తున్నారు.

ఈ డైరీ ఆయనది. సహకార బ్యాంకు వాళ్లు ఏటా ఇస్తారు, ఏటా అలమరలో ఖాళీగా పడి ఉంటుంది. ఎవరితోనైనా మాట్లాడాలి కదా. గోడతో మాట్లాడితే పక్కింటి జోగళేకర్ వదిన వింటుంది.

మార్చి 6

మాటలు నేర్పడానికి ఒక అమ్మాయి వస్తోంది. సానిక. మా గార్గి కంటే చిన్నది, స్కూటర్ మీద వస్తుంది, హెల్మెట్ తీసి మా దేవుడి గూటి పక్కనే పెడుతుంది. నేను దీపం కాస్త పక్కకి జరిపాను.

"కాకూ, ఇంట్లో ఆయన్ని ఏమని పిలుస్తారు?" అంది.

"పిలవనమ్మా."

"పిలవకుండా ఎలా?"

"పేరు లేకుండా ఒట్టి అహో అంటాను. అందరూ అనేదే కదా. మీ అమ్మగారు అనరా?"

"మా అమ్మ నాన్నని పేరు పెట్టి పిలుస్తుంది. తిట్టాలంటే ఇంటిపేరు కూడా కలుపుతుంది" అని నవ్వింది. తర్వాత నవ్వు ఆపి చెప్పింది. "ముందు మనిషికి తన పేరు తిరిగి రావాలి కాకూ. దాన్ని పట్టుకునే మిగతావి వస్తాయి. మీరు ఎదురుగా కూర్చోండి. కళ్లలోకి చూడండి. స్పష్టంగా, ఒక్క పేరే పిలవండి. రోజూ. నేను పిలిస్తే లాభం లేదు, నా గొంతు ఆయనకి కొత్త. ఎక్కువగా విన్నది మీ గొంతే కదా."

అలాగే అని తల ఊపాను. తల ఊపడానికేం, మెడ ఉంటే చాలు.

మార్చి 7

సానిక చెప్పినట్టే చేశాను. ఫలితం కనబడలేదు.

మార్చి 8

నిన్న రాసింది అబద్ధం. ఎవరూ చదవని డైరీకి కూడా అబద్ధం చెప్పడమేమిటో.

ఎదురుగా కూర్చున్న మాట నిజం. కళ్లలోకి చూసిన మాట నిజం. అదే పెద్ద కష్టమైంది, అంతసేపు ఆయన కళ్లలోకి నేను ఎప్పుడు చూశాను గనక. నోరు తెరిచాను. "అహో" అన్నాను.

మొగుడి పేరు ఒకసారి పలికితే ఆయన ఆయుష్షులో ఒక రోజు తగ్గుతుందని మా అమ్మ నమ్మకం. మా నాన్న పేరు గణపత్. మా అమ్మ బతికినన్నాళ్లూ వినాయకుణ్ణి కూడా "ఆ తొండం దేవుడు" అనే అంది. చవితి నాడు వీధి వీధంతా జయజయలు కొడుతుంటే ఆమె మాత్రం పెదాలు బిగించుకుని చప్పట్లు కొట్టేది. మేం పిల్లలం పడీ పడీ నవ్వేవాళ్లం. ఇప్పుడు నవ్వు రావడం లేదు. నాకు ఇలాంటి నమ్మకాలు లేవు. నేను బి.ఏ. చదివాను. కానీ ఆ కుర్చీలో ఉన్న మనిషికి అసలే రోజులు ఎన్ని ఉన్నాయో తెలియదు, అందులోంచి నేనెందుకు తీయాలి?

మార్చి 12

ఆయన పడిపోయిన రోజు ఆసుపత్రిలో జరిగింది గార్గికి చెప్పలేదు. ఇక్కడ రాసేస్తే గుండె బరువు తగ్గుతుందేమో.

ఆయన్ని లోపలికి తీసుకెళ్లారు. గాజు కిటికీ అవతలి కుర్రాడు "పేషెంటు పేరు?" అన్నాడు.

"మా గార్గి వాళ్ల నాన్న."

"గార్గి ఎవరు?"

"మా అమ్మాయి."

"అమ్మాయి పేరు కాదమ్మా, పేషెంటు పేరు చెప్పండి."

వెనక లైను పెరుగుతోంది. నోట్లో ఆ పేరు ఉంది, నాలుక మీద ఉంది, పళ్లు దాటడం లేదు. సంచీ వెతికితే కరెంటు బిల్లు దొరికింది. దాని మీద ఆయన పేరు ఉన్న చోట వేలు పెట్టి చూపించాను. కుర్రాడు బిల్లు చూశాడు, నన్ను చూశాడు, గొంతు మెత్తబడింది.

"చదువు రాదా అమ్మా?"

"రాదు నాయనా" అన్నాను.

పాపం, పెన్ను వెనక్కి తీసుకుని ఇంకు డబ్బా నా వైపు జరిపాడు. సంతకం చోట వేలిముద్ర వేశాను. పొలిటికల్ సైన్సులో క్లాసులో రెండోదాన్ని. బొటనవేలికి ఆ నీలం మూడు రోజులున్నా పోలేదు, గార్గి చూసి ఏమిటని అడిగితే బ్లూ పెన్ కారిందన్నాను.

మార్చి 16, ఆదివారం

గార్గి, ఓంకార్ వచ్చారు. గార్గి తన మొగుణ్ణి "ఓంక్యా, డబ్బా ఎక్కడ పెట్టావురా?" అంటుంది. అతను "నీ తల మీద" అంటాడు. పెళ్లైన కొత్తలో విని నేను వంటింట్లోకి పారిపోయేదాన్ని. ఈరోజు మాత్రం తలుపు దగ్గర నిలబడి విన్నాను. ఎంత సులువుగా అంటోంది. ఉప్పు అందుకున్నంత సులువుగా.

అన్నాలయ్యాక అసలు మాట తీసింది. ఊరి బయట కొండ వైపు ఒక సంరక్షణ కేంద్రం ఉందట. నర్సులు, వ్యాయామం, మాటల క్లాసు, అన్నీ అక్కడే.

"నువ్వు మా దగ్గరికి వచ్చెయ్ ఆయీ. వారం వారం నాన్నని చూసి వద్దాం."

"పెళ్లాన్ని నేనుండగా ఆయన్ని ఎవరికో అప్పగించి రావాలా?"

"నువ్వున్నావని నాన్నకి తెలుస్తోందా?" అంది. కావాలని అన్న మాట కాదు, నోరు జారింది. అన్నాక తనే బిక్కమొహం వేసింది.

"తెలుస్తోంది" అన్నాను.

"పేరు పెట్టి పిలుస్తున్నావా?"

"పిలుస్తున్నాను."

"ఏప్రిల్ ఆఖరుదాకా చూద్దాం ఆయీ. నిన్ను గుర్తుపడితే ఆ మాటే ఎత్తను. లేకపోతే మాత్రం నా మాట వినాలి."

సరే అన్నాను. వేరే ఏమంటాను. ఆయన అక్కడికి వెళ్తే ఎవరో నర్సు తాతా అని పిలుస్తుంది. నన్ను ఏమే అన్నట్టు "అగ" అని పిలిచేవాళ్లు ఈ లోకంలో ఇంకెవరూ ఉండరు.

మార్చి 21

ఆయన పాత స్నేహితుడు కేల్కర్‌గారికి ఫోన్ చేశాను. "అన్నయ్యా, మీరు ఒకసారి పేరు పెట్టి పిలవండి, నేను ఫోను చెవి దగ్గర పెడతాను" అన్నాను. కేల్కర్‌గారు పాపం గొంతు చించుకుని పిలిచారు, ఒకటికి పదిసార్లు. చిన్నప్పటి ముద్దుపేరుతో కూడా. ఈయన మాత్రం బాల్కనీలో పావురాన్ని చూస్తూ కూర్చున్నారు.

చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టు అని రాయబోయాను. రాయను.

నిజం చెప్పాలంటే లోపల ఎక్కడో హాయిగా అనిపించింది. పేరుతో పని లేదని తేలిపోయింది కదా. ఇక నేను పిలవకపోయినా తప్పు లేదు.

మార్చి 25

ఈరోజు ఎవరూ రాలేదు. పాలవాడు కూడా ఇప్పుడు బెల్లు కొట్టడు. సంచీ గొళ్లానికి తగిలించి పోతాడు, వచ్చానని ఫోనుకి కబురు పెడతాడు.

మార్చి 30, పాడ్వా

కొత్త సంవత్సరం. బాల్కనీలో గుఢీ నిలబెట్టడం ఆయన పని. కర్రకి పట్టుచీర కట్టి, వేప మండలు, చక్కెర చిలకల దండ వేసి, పైన రాగి చెంబు బోర్లిస్తారు. నేను స్టూలు పట్టుకుని నిలబడాలి. "అగ, దారం" అంటారు. కాసేపాగి "అగ, వదులు కాకుండా పట్టుకో" అంటారు. ఏటా అవే రెండు మాటలు. ఆ రెండు మాటల కోసం తెల్లవారుజామున లేచి తలంటుకునేదాన్నని ఇప్పుడు తెలుస్తోంది.

ఈసారి నేనే కట్టాను. వంకరగా వచ్చింది. పక్క బాల్కనీలోంచి జోగళేకర్ వదిన "షిర్కే వదినా, మీ గుఢీ మా ఇంటికేసి వాలింది, ఆశీర్వాదం అంతా మాకే" అంది. మంచిదే, ఎవరో ఒకరికి రానీ అన్నాను.

వేపాకు, బెల్లం నూరి ఆయన నాలుక మీద పెట్టాను. ఏటా చిన్నపిల్లాడిలా మొహం పెట్టేవారు. ఈసారి మింగేశారంతే. చేదు కూడా తెలియలేదు.

ఏప్రిల్ 1

పిలవాలి. రేపు పిలుస్తాను.

ఏప్రిల్ 2

తలనొప్పిగా ఉంది.

ఏప్రిల్ 4, శుక్రవారం

జోగళేకర్ వాళ్లింట్లో చైత్ర గౌరి పసుపు కుంకుమ పేరంటం. వెళ్లకూడదనుకున్నాను. ఆవిడే వచ్చి "మా ఆయన పేపరు పట్టుకుని మీ ఇంట్లో కూర్చుంటారు, మీరు మా ఇంటికి రండి, లెక్క సరిపోతుంది" అని లాక్కుపోయింది.

చిన్న ఉయ్యాలలో గౌరి, ముందు మెట్లుగా పేర్చిన బొమ్మలు, పళ్లు. మామిడికాయ కలిపిన శనగపప్పు, మామిడి పానకం. మల్లెలు. ఒక్కసారిగా అంతమంది ఆడవాళ్ల గొంతులు వినేసరికి నాకు కళ్లు తిరిగినట్టయింది. ఇన్నాళ్లూ ఇంట్లో కుక్కర్ కూత తప్ప ఏం విన్నాను.

బొట్టు పెట్టించుకున్న ప్రతి మనిషీ ఉఖాణా చెప్పాలని జోగళేకర్ వదిన పట్టు. ప్రాస కుదిరేలా రెండు పంక్తులు, అందులో మొగుడి పేరు. రెండో అంతస్తు కోడలు ఫోను తీసి అందులో చూసి చదివింది. పిల్లకి తొందర, మధ్యలో వేరే ఎవరిదో మొగుడి పేరు చదివేసి నాలుక కరుచుకుంది.

"వేలు జరిపితే మొగుడు మారిపోతున్నాడే" అంది ఆజీ. జోగళేకర్ వదిన అత్తగారు. పళ్లు లేవు గానీ మాటకి పదునుంది. "మా కాలంలో కరెంటు లేకపోయినా మొగుడి పేరు గుర్తుండేది."

అందరూ నవ్వుతుండగానే నా వంతు వచ్చింది. "పోనీలే, ఈసారికి వదిలెయ్యండి" అని ఎవరో అన్నారు. ఆ జాలి నాకు నచ్చలేదు. వెంటనే చెప్పేశాను.

వెండి గిన్నెలో వెన్న, రాగి చెంబులో పాలు,
— — పేరు చెబుతా, పది మంది వింటే చాలు.

తడబడలేదు. ఇక్కడ గీతలు గీసిన చోట పేరు, చివర రావు కూడా కలిపి, గంట కొట్టినట్టు చెప్పాను. అందరూ చప్పట్లు కొట్టారు. ఆజీ నా బుగ్గ నిమిరింది. ఇంటికి వచ్చి తలుపు తీశాను. జోగళేకర్‌గారు పేపరు ముఖం మీద వేసుకుని నిద్రపోతున్నారు. ఆయన గోడ చూస్తున్నారు.

ఏప్రిల్ 5

రాత్రంతా ఇదే ఆలోచన. పది మందిలో ఆ పేరు చెప్పగలను. ఆయన ఒక్కరి ముందు చెప్పలేను. పెళ్లైనప్పటి నుంచి ఎన్ని పేరంటాలు, ఎంతమందికి చెప్పాను. ఆయనకే చెప్పలేదు. మా ఇంట్లో పేరంటం అంటే ఆయన చెప్పులేసుకుని పార్కుకి పోయేవారు. ఆడవాళ్ల సందట్లో నాకేం పని అని.

ఆయన విన్నది ఒక్కసారే. పెళ్లైన రోజు, అత్తవారి గడప దగ్గర. ఆడపడుచు తలుపుకి అడ్డం నిలబడి, ఇద్దరూ పేర్లు చెబితేగానీ లోపలికి రానివ్వనంది. నేను వెన్న, పాలు చెప్పాను. ఆయన తల దించుకుని ఏదో ఎండా, కుండా అని గొణిగారు, అందులో నా పేరు కూడా ఉంది. ఆ పొద్దున్నే పెళ్లి పందిట్లో పళ్లెంలో బియ్యం పోసి ఉంగరంతో నాకు రాసిన కొత్త పేరు అది. తర్వాత ఆ బియ్యం వండుకున్నాం. పేరు కూడా అక్కడితో అయిపోయింది. ఆ రోజు నుంచి నేను అగ, వదిన, కాకూ, ఆయీ. నన్ను నా పేరుతో పిలిచేది బ్యాంకు వాళ్ల ఫోను ఒక్కటే, అదీ అప్పు కావాలా అని అడగడానికి.

నేనే పేరంటం పెడతాను. ఆయన కుర్చీ ఉన్న గదిలోనే, ఆయన ఎదురుగానే. ఈసారి పార్కుకి ఎలా వెళ్తారో చూస్తాను.

ఏప్రిల్ 8

గార్గి ఫోన్లో కోప్పడింది. "నాన్న అలా ఉంటే పేరంటం ఏమిటి ఆయీ? జనం ఏమనుకుంటారు?"

"ఆ మాట ఇన్నాళ్లూ నీకు నేను చెప్పేదాన్ని. ఎప్పుడైనా విన్నావా?"

ఏదో గొణిగింది. తర్వాత "శనగపప్పు నేను నానబెట్టి తేనా?" అంది. వద్దన్నాను. తను వస్తే నాకు నోరు పెగలదు.

ఏప్రిల్ 13

సానిక అడిగింది, పేరుకి స్పందిస్తున్నారా అని. ఇంకా లేదు అన్నాను. ఇది అబద్ధం కాదు.

ఏప్రిల్ 18, శుక్రవారం

వరసగా రాయాలి.

పొద్దున్నే ఆయనకు గడ్డం గీశాను. తెల్ల చొక్కా వేశాను. గౌరిని ఆయన కుర్చీకి ఎదురుగా పెట్టాను. ఆడవాళ్లు వచ్చారు. మొదట అందరూ ఆయన్ని చూసి కొంగులు సర్దుకున్నారు, గుసగుసలు ఆపేశారు. పేరంటంలో మగమనిషి ఎవరింట్లో కూర్చుంటాడు. ఆజీ మాత్రం కర్ర పొడుచుకుంటూ వెళ్లి ఆయన పక్క కుర్చీలోనే చతికిలబడింది. "ఏమయ్యా షిర్కే, ఇన్నాళ్లకి దొరికావు" అంది. దాంతో అందరూ తేలికపడ్డారు.

బొట్లు అయ్యాయి. పానకం అయింది. అందరి చేతా చెప్పించి నాది ఆఖరున ఉంచుకున్నాను. లేచి ఆయన ఎదురుగా వెళ్లి నిలబడ్డాను. వెనక పది మంది ఉన్నారన్న ధైర్యం. వెన్న, పాలు చెప్పాను. పేరు చెప్పాను. గొంతు గది దాటి మెట్ల దాకా వెళ్లి ఉంటుంది.

ఆయన చూపు కదల్లేదు. రెప్ప కూడా వేయలేదు.

ఎవరూ చప్పట్లు కొట్టలేదు. ఒకావిడ కొంగుతో కళ్లు ఒత్తుకుంది. నాకు అక్కడే నేలలో కూరుకుపోతే బాగుండనిపించింది. ఎన్నాళ్లుగానో దాచుకున్న డబ్బుతో బజారుకి వెళ్తే అది చెల్లని నోటు అన్నట్టయింది. జోగళేకర్ వదిన "పప్పు ఇంకొంచెం పెట్టనా ఎవరికైనా" అని మాట మార్చబోయింది.

పక్కన కూర్చున్న ఆజీకి ఆయన మొహం కనబడలేదు, ఏం జరిగిందో తెలియలేదు. ఆయన మోకాలి మీద కర్రతో తట్టింది. పెళ్లిళ్లలో గడప దగ్గర అనే మాట అంది.

"ఆవిడ చెప్పిందయ్యా. ఇక నీ వంతు. చెప్పకపోతే లోపలికి రానివ్వం."

ఆయన గొంతులో ఏదో గరగరలాడింది. తుప్పు పట్టిన కుళాయి తిప్పితే ముందు గాలి వస్తుంది చూడు, అలాగ. తర్వాత మాటలు వచ్చాయి. ముద్దముద్దగా, కానీ ఒక్కటీ తప్పకుండా.

ఎండలో వచ్చాం ఎద్దుల బండిలో, కుండలో నీళ్లు చల్లన,
ఇందుమతి పేరు చెబుతున్నా, తలుపు తీయండి మెల్లన.

నా పేరు. బియ్యంలో రాసిన పేరు. నేనే మరిచిపోయిన పేరు.

ఆ తర్వాత ఎవరు ఏడ్చారో, ఎవరు నవ్వారో నాకు తెలియదు. నేను నేల మీద కూర్చుండిపోయాను. ఆజీ "ఇంకేం, తలుపు తియ్యండే" అంటోంది.

గార్గికి ఫోన్ చేశాను. జోగళేకర్ వదిన ఫోను లాక్కుని చెప్పింది.

ఏప్రిల్ 21

సానిక వచ్చింది. అంతా చెప్పాను. మిఠాయి కూడా పెట్టాను. ఆ పిల్ల మిఠాయి చేతిలో పట్టుకుని తినలేదు.

"చాలా మంచి సూచన కాకూ. కానీ మీకు నిజం చెప్పాలి. ఎక్కాలు, ప్రార్థనలు, పాటలు ఇలాగే వస్తాయి. మాట పోయినవాళ్లక్కూడా అవి మిగులుతాయి, వేరే అరలో ఉంటాయనుకోండి. ఒక తీగ లాగితే మొత్తం వస్తుంది. అది ఆయన మీతో మాట్లాడటం కాదు. మీ పేరు అన్నారు గానీ, అది మీ పేరని ఆయనకి తెలిసి ఉండకపోవచ్చు."

"ఒకసారి చూడు" అన్నాను. వెన్న, పాలు చెప్పాను. "ఇక మీ వంతు" అన్నాను. ఆయన ఎండ, కుండ చెప్పారు. గోడ చూస్తూనే చెప్పారు. మళ్లీ చెప్పాను. మళ్లీ చెప్పారు.

సానిక నా చెయ్యి పట్టుకుంది. తన పేరు పిలిస్తే తిరిగి చూడాలి, అదే అసలు పరీక్ష అంది. ఒట్టి పేరు, ప్రాసా పాటా లేకుండా.

ఏప్రిల్ 22

ఈరోజు ఎన్నిసార్లు చెప్పించుకున్నానో నాకే సిగ్గుగా ఉంది. తాళం తిప్పితే ఆడే బొమ్మ. ప్రతిసారీ ఇందుమతి అంటారు. ప్రతిసారీ నేను ఊ అంటాను. ఆయనకు వినబడదు.

ఒంటరిగా ఉండటం వేరు, పేరు పెట్టి పిలిచే మనిషి ఎదురుగా ఉండగా ఒంటరిగా ఉండటం వేరు. రెండోది నాకు ఈరోజే తెలిసింది.

ఏప్రిల్ 24

నేను నా పంక్తులు చెప్పలేదు. ఆయనా చెప్పలేదు. రోజు గడిచింది.

ఏప్రిల్ 26

గార్గి రేపు పదకొండు గంటలకి వస్తుంది. కారులో వెళ్లి ఆ కేంద్రం చూసి వద్దాం అంది. ఊరికే చూడ్డానికే అంది. ఆయన చొక్కాలు ఇస్త్రీ చేశాను. ఊరికే చూడ్డానికి అన్ని చొక్కాలెందుకో. చేస్తుంటే చెయ్యి ఆగలేదు, అంతే.

ఏప్రిల్ 27, ఆదివారం

పొద్దున ఎనిమిదిన్నర అయి ఉంటుంది. పాలు పొయ్యి మీద పెట్టాను. ఇంకో పొయ్యి మీద కుక్కర్. చెత్తబండి వచ్చింది, బుట్ట తలుపు బయట పెట్టి, తలుపు తెరిచే ఉంచాను. ఎదురుగా జోగళేకర్ వాళ్ల తలుపూ తెరిచే ఉంది, ఆవిడ గుమ్మంలో ముగ్గు వేస్తోంది.

ఆయన ముందు టీ పెట్టాను. కుడి చెయ్యి ఇప్పుడు బాగానే లేస్తోంది. ఆ చెయ్యి టీ మీదకి కాదు, పక్కన స్టూలు మీద మడతపెట్టిన ఇస్త్రీ చొక్కాల మీదకి వెళ్లింది. నేను వంటింట్లోంచి చూస్తున్నాను. కప్పు అంచుకి మోచెయ్యి తగులుతోంది. ఇటు పాలు పొంగుతున్నాయి. కుక్కర్ కూస్తోంది. రాత్రి నిద్ర లేదు. చొక్కాలు అన్నీ తెల్లవే. నాకు ఒళ్లు మండింది. ప్రేమా లేదు, దుఃఖమూ లేదు, సానిక పాఠమూ గుర్తులేదు, ఒట్టి మంట.

"పద్మాకర్!" అని అరిచాను.

రావు కూడా లేదు. బడిలో పంతులు వెనక బెంచీ కుర్రాణ్ణి పిలిచినట్టు.

చెయ్యి ఆగిపోయింది. ముందు ఆయన తల తెరిచిన తలుపు వైపు తిరిగింది. జోగళేకర్ వదిన ముగ్గు పిండి చేతిలో పట్టుకుని నోరు తెరుచుకుని చూస్తోంది. ఆవిడ విన్నదని నిర్ధారించుకున్నాక, నా వైపు తిరిగారు. నా మీదుగా కాదు, నాలోంచి కాదు, నా వైపు. కనుబొమలు రెండూ దగ్గరికొచ్చాయి. పెళ్లైన కొత్తలో వాళ్ల నాన్నగారి ముందు నేను పైకి నవ్వినప్పుడు చూసిన చూపు. పప్పులో రెండుసార్లు ఉప్పేసినప్పుడు చూసిన చూపు. బుద్ధుందా నీకు అనే చూపు. ఆ చూపు చూడాలంటే ఎదురుగా ఉన్నది తన పెళ్లామని తెలియాలి. నర్సు పేరు పెట్టి పిలిస్తే ఎవరూ అలా చూడరు.

"అగ" అన్నారు. గొంతు తగ్గించి, హెచ్చరికగా. నలుగురూ వింటారు అన్నట్టు.

పాలు పొంగిపోయాయి. పొయ్యి ఆరిపోయింది. గ్యాస్ కట్టేసి వచ్చి ఆయన ముందు నేల మీద కూర్చున్నాను. మా అమ్మ లెక్క ప్రకారం ఆయనకి ఒక రోజు తగ్గింది. తగ్గనీ. నా దాంట్లోంచి తీసి ఇస్తాను.

"విన్నారా? నేనే పిలిచాను" అన్నాను. ఆయన మొహం చిటపటలాడుతూనే ఉంది. కళ్లలో నీళ్లున్నాయి, అవి కోపానివో ఏమిటో నాకు తెలియదు.

గార్గి వచ్చేసరికి ఇంకా అక్కడే కూర్చున్నాం. ఇల్లంతా మాడిన పాల వాసన. "ఏమైంది ఆయీ? ఎందుకలా నవ్వుతున్నావు?" అంది కంగారుగా. జోగళేకర్ వదిన గుమ్మంలోంచే "మీ అమ్మకి భయం భక్తీ పోయిందమ్మా" అంది.

"కారు తాళాలు లోపల పెట్టు. ఎక్కడికీ వెళ్లడం లేదు" అన్నాను. గార్గి నమ్మలేదు. వాళ్ల నాన్న మొహంలోకి చూసింది, నా మొహంలోకి చూసింది.

అందుకని తన ముందు ఇంకోసారి పిలిచాను. ఈసారి మెల్లగా.

"పద్మాకర్."

ఆయన నుదురు మళ్లీ ముడిపడింది.